భారతీయ వైన్ పరిశ్రమ: తరచుగా అడిగే ప్రశ్నలు

నాసిక్ ట్రిప్‌కి వెళ్ళొచ్చినవాళ్ళు, ద్రాక్ష వేద్దామా వద్దా అని ఊగిసలాడే రైతులు, సూలా అనే వైన్ కంపెనీ షేర్లు కొని ఎదురుచూస్తున్నవాళ్ళు మాటిమాటికీ అడిగేవి ఈ ప్రశ్నలు. ఈ వ్యాపారాన్ని తోటలో నిలబడి చూస్తే సగమే అర్థమవుతుంది. మిగతా సగం ఎక్సైజ్ శాఖ జీవోల్లో ఉంటుంది. అందుకే కింది జవాబుల్లో రుచి, వాసనల కన్నా పన్నుల ముచ్చటే ఎక్కువ కనిపిస్తే ఆశ్చర్యపోకండి.

అసలు మన దేశంలో చెప్పుకోదగ్గ వైన్ పరిశ్రమ ఉందా?

ఉంది గానీ చాలా చిన్నది. దేశంలో తాగే మద్యంలో సింహభాగం విస్కీ, బ్రాందీ, రమ్, బీరు, నాటు సరుకే. వైన్ వాటా ఒక శాతం కూడా ఉండదు. ఫ్రాన్స్‌లో ఒక్కో మనిషి ఏడాదికి 40 లీటర్ల దాకా తాగుతాడు. మన దగ్గర మొత్తం అమ్మకాన్ని జనాభాతో భాగిస్తే తలకి ఒక పెద్ద గుటక వస్తుంది, అంతే.

తయారీలో ఎక్కువ భాగం మహారాష్ట్రది: నాసిక్, పుణే, షోలాపూర్, సాంగ్లీ జిల్లాలు. ఆ తర్వాత కర్ణాటక. దేశవాళీ ద్రాక్ష వైన్ అమ్మకాల విలువలో సగానికి పైగా సూలా అనే ఒక్క కంపెనీదే. అందుకే ఆ కంపెనీకి జలుబు చేస్తే పరిశ్రమ మొత్తానికీ తుమ్ములొస్తాయి.

ఇది ఎప్పుడు, ఎవరితో మొదలైంది?

గోవాలో పోర్చుగీసువాళ్ళ కాలం నుంచీ తియ్యటి పోర్ట్ వైన్ అలవాటు ఉంది. కానీ ఇప్పుడు మనం చూస్తున్న పరిశ్రమకి పునాది వేసింది మూడు ప్రయత్నాలు.

మొదటిది 1980ల్లో పుణే జిల్లా నారాయణగావ్‌లో శ్యామ్ చౌగులే పెట్టిన షాటో ఇండేజ్. ఫ్రాన్స్‌లోని షాంపేన్ తయారీదారు పైపర్ హైడ్సీక్ సాంకేతిక సాయంతో బుడగల వైన్ తయారుచేసి, ఒమర్ ఖయ్యాం పేరుతో విదేశాలకి పంపారు. అప్పట్లో ఇండియా నుంచి షాంపేన్ లాంటి సరుకు రావడం విదేశీ పత్రికలకి పెద్ద వింత.

రెండోది బెంగళూరు పక్కన నంది హిల్స్ దగ్గర కన్వల్ గ్రోవర్ పెట్టిన తోట. షాంపేన్ ప్రాంతానికి చెందిన జార్జ్ వెసెల్ సలహాతో ఫ్రెంచ్ రకాలు తెప్పించి వేశారు. మొదటి సరుకు 1990ల మొదట్లో బయటికొచ్చింది. తర్వాత ఫ్రాన్స్‌లోని బోర్డో నుంచి మిషెల్ రోలాఁ సలహాదారుగా వచ్చారు. ఆయన వైన్ ప్రపంచంలో అందరికీ తెలిసిన మనిషి.

మూడోది సూలా. అమెరికాలో స్టాన్‌ఫర్డ్‌లో చదివి, ఒరాకిల్‌లో ఉద్యోగం చేసి, దాన్ని వదిలేసి వచ్చిన రాజీవ్ సామంత్ నాసిక్‌లో తమ కుటుంబానికి ఉన్న భూమిలో మొదలుపెట్టారు. 1997లో షెనిన్ బ్లాంక్, సవిన్యోఁ బ్లాంక్ అనే తెల్ల వైన్ ద్రాక్ష తీగలు నాటించారు. కాలిఫోర్నియా వైన్ తయారీదారు కెరీ డామ్‌స్కీ సాయంతో చేసిన మొదటి వైన్ 2000లో మార్కెట్లోకి వచ్చింది. మొదటి ఇద్దరికీ దొరకనిది ఆ మరుసటి ఏడాదే సూలాకి దొరికింది: ప్రభుత్వ పాలసీ.

ఏమిటా పాలసీ?

2001 మహారాష్ట్ర ద్రాక్ష ప్రాసెసింగ్ పాలసీ. నా లెక్కలో ఈ పరిశ్రమ అసలు పుట్టినరోజు అదే. రాష్ట్రంలో పండిన ద్రాక్షతో అక్కడే తయారైన వైన్‌కి ఎక్సైజ్ సుంకం మినహాయించారు. వైనరీని సారా బట్టీలతో కలిపి చూడకుండా పంట ప్రాసెసింగ్ యూనిట్ కింద లెక్కకట్టారు. లైసెన్సులు తేలిక చేశారు. నాసిక్ జిల్లా వించూర్‌లో, సాంగ్లీ జిల్లా పలూస్‌లో వైన్ పార్కులకి స్థలాలిచ్చారు.

ప్రభుత్వానికి వైన్ మీద ప్రేమ పుట్టిందని కాదు. నాసిక్‌లో తినే ద్రాక్ష దిగుబడి పెరిగి, ధర పడిపోయిన ఏడాది రైతులు గగ్గోలు పెట్టేవాళ్ళు. ఆ ద్రాక్షకి ఇంకో దారి చూపించాలి. నాసిక్ ద్రాక్ష రైతు అంటే సంఘాలున్నవాడు, ఎన్నికల్లో గట్టి ఓటు ఉన్నవాడు కూడా.

ఆ తర్వాత వచ్చిన ఇంకో మేలు వ్యాట్ వాపసు. వైన్ మీద 20 శాతం వ్యాట్ కడితే అందులో 16 శాతం తిరిగిచ్చే పథకం 2009 నుంచి నడిచింది, మధ్యలో ఆగింది, 2024 జనవరిలో ఐదేళ్ళకి మళ్ళీ మొదలైంది. పథకం ఉన్న ఏడాది వైనరీల లాభం ఒకలా, లేని ఏడాది ఇంకోలా ఉంటుంది. లాభాలు ఎక్కణ్ణుంచి వస్తున్నాయో చెప్పడానికి ఇంతకన్నా రుజువు అక్కర్లేదు.

కర్ణాటక 2007లో సొంత వైన్ పాలసీ తెచ్చి, వైన్ బోర్డు పెట్టింది. కేంద్రం 2009లో పుణేలో ద్రాక్ష ప్రాసెసింగ్ బోర్డు పెట్టింది. 2011లో భారత్ అంతర్జాతీయ వైన్ సంస్థలో సభ్యత్వం తీసుకుంది. ఇవన్నీ మంచివే గానీ, 2001 నాటి నిర్ణయం ముందు చిన్నవి.

వైన్ ద్రాక్ష చలిదేశాల పంట కదా, మన ఎండల్లో ఎలా వస్తుంది?

యూరప్‌లో చలికాలం తీగ ఆకు రాల్చి నిద్రపోతుంది, వసంతంలో చిగురిస్తుంది, ఆగస్టు నుంచి అక్టోబరు లోపు కోత. మన దగ్గర తీగకి నిద్రే లేదు. వదిలేస్తే ఏడాది పొడుగునా పెరుగుతూనే ఉంటుంది. అందుకని కత్తెరతోనే దానికి రుతువులు నేర్పాలి.

ఏప్రిల్‌లో మొదటి కత్తిరింపు. కాసిన కొమ్మలన్నీ వెనక్కి కొట్టేస్తారు. ఎండలకి కొత్త కొమ్మలొచ్చి గట్టిపడతాయి. వచ్చే పంటకి గుత్తులు ఆ కొమ్మల కణుపుల్లోనే రూపం పోసుకుంటాయి. వానలు తగ్గుముఖం పట్టాక సెప్టెంబరు, అక్టోబరుల్లో రెండో కత్తిరింపు. కణుపులన్నీ ఒకేసారి పగలడానికి హైడ్రోజన్ సయనమైడ్ మందు కణుపు కణుపుకీ పూస్తారు. ఆ మందు ఒంటికి మంచిది కాదు, చేతులకి తొడుగులు తప్పనిసరి. అక్కణ్ణుంచి పూత, పిందె, జనవరి నుంచి మార్చి దాకా కోత. అంటే రెండు కత్తిరింపులు, ఒకే పంట.

నాసిక్ సముద్రమట్టానికి దాదాపు 600 మీటర్ల ఎత్తులో ఉంటుంది. జనవరి రాత్రుల్లో గట్టి చలి. పగలు ఎండకి పంచదార పెరుగుతుంది, రాత్రి చలికి పులుపు నిలబడుతుంది. ఆ రెండూ కలిసి రాకపోతే వైన్ చప్పగా ఉంటుంది. మార్చి దాటితే ఎండ ముదిరి పులుపు పడిపోతుంది. అందుకే కోతకాలంలో కూలీలు తెల్లవారకముందే తలకి లైట్లు కట్టుకుని తోటలోకి దిగుతారు. చిన్న క్రేట్లలో కోసిన గుత్తులు ఎండ ఎక్కకముందే వైనరీ చేరాలి. అక్కడ ముందు తూకం, తర్వాత రెండు చుక్కల రసం రిఫ్రాక్టోమీటర్ అద్దం మీద వేసి పంచదార శాతం చూడటం. ఎర్ర వైన్‌కి 22 నుంచి 24 మధ్య ఉంటే ట్రాక్టర్ పక్కన నిల్చున్న రైతు మొహం వెలుగుతుంది.

పెద్ద శత్రువు వాన. రెండో కత్తిరింపు తర్వాత అకాల వర్షం పడిందంటే బూజు తెగులు వారంలో తోటని చుట్టేస్తుంది.

తినే ద్రాక్షతోనే చేసుకోవచ్చు కదా, వేరే రకం ఎందుకు?

చేస్తే పులిసిన తీపి నీళ్ళవుతుంది. థాంప్సన్ లాంటి తినే రకానికి కాయ పెద్దగా, తోలు పల్చగా, గింజ లేకుండా ఉండాలి. అందుకోసం జిబ్బరెల్లిక్ యాసిడ్‌లో గుత్తులు ముంచి కాయ సాగదీస్తారు, పందిరి మీద ఎకరానికి పది టన్నుల పైనే దింపుతారు. వైన్‌కి కావలసింది సరిగ్గా దీనికి రివర్సు: చిన్న కాయ, మందపాటి తోలు, గింజ, తక్కువ దిగుబడి. రంగు, వగరు ఎక్కువగా తోలులోనే ఉంటాయి. షిరాజ్, కాబర్నే సవిన్యోఁ లాంటి ఎర్ర వైన్ రకాలని పందిరి మీద కాకుండా నిలువు తీగల కంచెలా పెంచి, ఎకరానికి నాలుగైదు టన్నులకే ఆపేస్తారు.

మినహాయింపు బెంగళూరు బ్లూ. తినడానికీ, రసానికీ, చౌక పోర్ట్ వైన్‌కీ అదే వాడతారు. గోవాలో వందల రూపాయల్లో దొరికే తీపి సీసాల వెనక తరచుగా ఉండేది ఈ ద్రాక్షే.

దేశంలో పండే ద్రాక్షలో వైన్‌కి వెళ్ళేది ఒకటి రెండు శాతమే. మిగతాది నోట్లోకి, ఎండుద్రాక్షలోకి, ఎగుమతికి.

వెయ్యి రూపాయల సీసాలో ద్రాక్ష వాటా ఎంత?

ఒక లెక్క వేద్దాం. 750 మిల్లీలీటర్ల సీసాకి సుమారు కిలోంపావు ద్రాక్ష పడుతుంది. కిలో 50 రూపాయలనుకుంటే 62 రూపాయలు. వెయ్యి రూపాయల సీసాలో రైతుకి చేరేది వందకి ఆరు రూపాయలు. ధర కొంచెం అటూ ఇటూ అయినా ఈ నిష్పత్తి పెద్దగా మారదు.

తర్వాత సీసా, మూత, లేబుల్, అట్టపెట్టె. వీటన్నిటి మీదా జీఎస్టీ పడుతుంది. మద్యం మాత్రం జీఎస్టీ బయట ఉంది కాబట్టి, కట్టిన ఆ పన్నుని బిస్కెట్ కంపెనీలా వెనక్కి తీసుకునే వీలు వైనరీకి లేదు, అది ఖర్చులోనే కలిసిపోతుంది. పైరకం ఎర్ర వైన్ అయితే 225 లీటర్ల ఫ్రెంచ్ ఓక్ పీపాలో నెలల తరబడి ఉంచాలి. ఒక పీపాలో 300 సీసాల సరుకు. పీపా దిగుమతి చేసుకోవాలి, కొన్నేళ్ళకే దాని వాసన అయిపోతుంది, మళ్ళీ కొత్తది కొనాలి. ఆ పైన రాష్ట్ర ఎక్సైజ్, వ్యాట్, లేబుల్ ఫీజు, హోల్‌సేల్ మార్జిన్, షాపువాడి మార్జిన్. స్టార్ హోటల్లో అయితే ఆ వెయ్యి కాస్తా రెండింతలు, మూడింతలు అవుతుంది.

కార్కుల సంగతి చాలామంది అడుగుతారు. మంచి కార్కు పోర్చుగల్ నుంచి రావాలి. సూలా చాలా రకాలకి తిప్పే మూతలే వాడుతుంది. మన ఎండకి, మన రవాణాకి అదే నయం. మూత తిప్పితే చౌక వైన్ అనుకోవడం ఉత్త బడాయి.

ఒకే సీసా ముంబైలో ఒక ధర, హైదరాబాద్‌లో ఇంకో ధర. ఎందుకు?

మద్యం రాష్ట్రాల జాబితాలోని అంశం. తయారీ, రవాణా, అమ్మకం, పన్ను అన్నీ రాష్ట్రం చేతిలోనే. పైగా రాజ్యాంగం 47వ అధికరణ మద్యనిషేధం వైపు నడవమంటుంది, ఖజానా ఏమో మద్యం మీదే నడుస్తుంది. ఈ రెంటి మధ్య నలిగేది వైన్ లాంటి చిన్న సరుకు.

నాసిక్ వైనరీ తెలంగాణలో అమ్మాలంటే ప్రతి రకానికీ విడిగా లేబుల్ రిజిస్ట్రేషన్ కావాలి. ఎగుమతి పర్మిట్, దిగుమతి పర్మిట్ తీసుకోవాలి. సరుకు నేరుగా షాపుకి ఇవ్వకూడదు, రాష్ట్ర బెవరేజెస్ కార్పొరేషన్ డిపోలో దించాలి. ధర కార్పొరేషన్‌తో తేల్చుకోవాలి. డబ్బు తర్వాతెప్పుడో వస్తుంది. 2025 జనవరిలో యునైటెడ్ బ్రూవరీస్ అంతటి బీరు కంపెనీ కూడా పాత బకాయిలు, పెంచని ధరల పేరు చెప్పి తెలంగాణకి కొన్నాళ్ళు సరఫరా ఆపేసింది. ఏడాదికి కొన్ని వేల పెట్టెలు అమ్ముకునే వైనరీ ఆ పని చేస్తే పట్టించుకునేవాడే ఉండడు.

కాబట్టి వ్యాపారం కోసం చూస్తే ఇండియా ఒక్క దేశం కాదు. ఇరవై పైచిలుకు దేశాలు, ఒక్కోదానికి ఒక్కో కస్టమ్స్.

మన ఊళ్ళ షాపుల్లో మంచి వైన్ ఎందుకు పెట్టరు?

షాపు యజమాని వైపు నుంచి చూడండి. తెలంగాణలో 2,620 దుకాణాలు. 2023లో ఒక్కో దరఖాస్తుకి 2 లక్షలు, 2025లో 3 లక్షలు. లాటరీలో పేరు రాకపోతే ఆ డబ్బు పోయినట్టే. వస్తే ఏటా లైసెన్స్ ఫీజు వేరే. ఇంత పెట్టినవాడు అరలో ప్రతి అడుగూ గంటగంటకీ కదలాలనుకుంటాడు. సాయంత్రం ఏడింటికి కౌంటర్ ముందు నిలబడిన గుంపు అడిగేది క్వార్టర్లు, చల్ల బీర్లు. ఆరు నెలలకి ఒకడు వచ్చి షిరాజ్ ఉందా అనడిగితే దాని కోసం అర ఎవడు ఖాళీ పెడతాడు?

ఇంకో చిక్కు ఎండ. విస్కీ సీసా మే నెలంతా నిలబెట్టినా ఏమీ కాదు. వైన్‌ది అలా కాదు. విజయవాడలో 43 డిగ్రీల రోజున, రేకుల కప్పు కింద, ట్యూబ్‌లైట్‌కి ఆనుకుని నిలబెట్టిన సీసాని చూడండి. మూత దగ్గర జిగట కారి లేబుల్ మీద మరక పడి ఉంటుంది, లోపలి తెల్ల వైన్ గోధుమరంగుకి తిరిగి ఉంటుంది. అది కొన్నవాడు "ఇండియన్ వైన్ ఇంతే" అని తీర్మానించేసి ఇంకోసారి దాని జోలికి వెళ్ళడు. వైనరీ తప్పు లేకుండానే ఒక గిరాకీ పోయినట్టు. కొనేముందు ఫ్రిజ్‌లో ఉన్నదే అడగండి, లేకపోతే ఈ మధ్యే డిపో నుంచి వచ్చిన పెట్టె తీయమనండి.

2009లో పరిశ్రమ కుప్పకూలిందంటారు, ఏం జరిగింది?

2001 తర్వాత నాసిక్‌లో వైన్ ఒక వేలంవెర్రి అయింది. రియల్ ఎస్టేట్‌వాళ్ళు, రాజకీయ కుటుంబాలు, నలుగురైదుగురు కలిసిన రైతులు, అందరూ వైనరీలు పెట్టారు. బ్యాంకులు అప్పులిచ్చాయి. సబ్సిడీ ఉంది, ట్యాంకులు వచ్చాయి, కానీ అమ్మేవాడు ఎవరన్న ప్రశ్న ఎవరూ వేసుకోలేదు. నాకు తెలిసి ఈ కథలో అసలు పాఠం ఇదే, తక్కినవన్నీ దానికి తోడైనవే.

2008లో ప్రపంచ మాంద్యం. ఆ నవంబరులో ముంబై మీద ఉగ్రదాడి, అదీ వైన్ ఎక్కువగా అమ్ముడయ్యే స్టార్ హోటళ్ళ మీద. పర్యాటకులు ఆగిపోయారు. అదే సమయంలో ఇండేజ్ ఆస్ట్రేలియాలో వైనరీలు, బ్రిటన్‌లో పంపిణీ కంపెనీ కొని అప్పుల్లో మునిగి ఉంది. రైతులకి, ఉద్యోగులకి డబ్బులు ఆగాయి. చివరికి బాంబే హైకోర్టు ఆ కంపెనీ మూసివేతకి ఆదేశించింది. ట్యాంకులు నిండిపోయి ద్రాక్ష కొనే నాథుడు లేక చాలామంది రైతులు వైన్ తీగలు పీకేసి మళ్ళీ తినే ద్రాక్షకి మారారు. తీగ నాటి కాపుకి రావడానికి మూడేళ్ళు పడుతుంది. పీకడానికి ఒక్క జేసీబీ, ఒక్క రోజు చాలు.

ఆ దెబ్బ నుంచి బయటపడినవాళ్ళు అమ్మకం మీద ముందే మనసు పెట్టినవాళ్ళు. గ్రోవర్ కంపెనీ 2012లో నాసిక్‌లోని వాలే ద వాఁతో కలిసి గ్రోవర్ జంపా అయింది. షోలాపూర్ జిల్లా అక్లూజ్‌లో మోహితే పాటిల్ కుటుంబం, ఢిల్లీ సోదరులు, ఇటలీ సోదరులు కలిసి పెట్టిన ఫ్రతెల్లి నెమ్మదిగా పైకొచ్చింది. మోయెట్ హెన్నెసీ 2013లో నాసిక్ జిల్లా దిండోరి నుంచి షాందోఁ బుడగల వైన్ తెచ్చింది.

వైనరీకి టూరిజం అంత ముఖ్యమా?

చాలా. షాపులో అమ్మితే మధ్యలో నలుగురు తింటారు. తోటకి వచ్చినవాడికి అమ్మితే మార్జిన్ మొత్తం ఇంట్లోనే ఉంటుంది. అంతకన్నా పెద్ద సంగతి: మద్యానికి ప్రకటనలు నిషేధం. టీవీలో చెప్పుకోలేని సరుకుని జనానికి ఎలా పరిచయం చేయాలి? సూలా 2005లో టేస్టింగ్ రూమ్ తెరిచింది, 2008లో సూలాఫెస్ట్ సంగీతోత్సవం మొదలుపెట్టింది, తర్వాత రిసార్టులు కట్టింది. ముంబై నుంచి నాలుగు గంటల కారు ప్రయాణం. శనివారం సాయంత్రం ఆ బాల్కనీలో చూస్తే జీవితంలో మొదటిసారి వైన్ గ్లాసు పట్టుకున్నవాళ్ళే సగం మంది. ఆ గ్లాసుతో ఫొటో దిగి ఇంటికెళ్ళాక వాళ్ళు అడిగేది అదే బ్రాండు. ఇంత మంచి ప్రకటన డబ్బిచ్చినా దొరకదు.

సూలా షేరు సంగతేంటి? కొనొచ్చా?

కొనమనీ వద్దనీ చెప్పం. జరిగింది మాత్రం ఇది. 2022 డిసెంబరులో 357 రూపాయల ధరకి సుమారు 960 కోట్ల ఐపీఓ (జనానికి మొదటిసారి షేర్ల అమ్మకం) వచ్చింది. అదంతా పాత వాటాదారులు, ముఖ్యంగా బెల్జియంకి చెందిన వెర్లిన్‌వెస్ట్, తమ షేర్లు అమ్ముకున్నది. కంపెనీలోకి కొత్త డబ్బు రాలేదు. 2024 మొదట్లో షేరు 600 దాటింది, 2025లో ఇష్యూ ధర కన్నా కిందికి పడింది. నగరాల్లో ఖర్చు మందగించడం, రాష్ట్రాల పన్నులు, వ్యాట్ వాపసు ఎప్పుడొస్తుందన్న టెన్షన్ కలిసి షేరుని కిందికి లాగాయి. వార్షిక ఆదాయం 600 కోట్ల స్థాయిలో ఉంది. ఒక మోస్తరు విస్కీ బ్రాండు దీన్ని అవలీలగా దాటేస్తుంది. దేశంలోకెల్లా పెద్ద వైన్ కంపెనీ సైజు అదీ.

సూపర్ మార్కెట్లో వైన్ అన్నారు, ఏమైంది?

2022 జనవరిలో మహారాష్ట్ర మంత్రివర్గం, 100 చదరపు మీటర్లు దాటిన దుకాణాల్లో విడిగా ఒక అర పెట్టి వైన్ అమ్ముకోవచ్చంది. బీజేపీ, అన్నా హజారే గట్టిగా వ్యతిరేకించారు, హజారే నిరాహారదీక్ష అన్నారు. నిర్ణయం అటకెక్కింది. నా అభిప్రాయం: రైతు పేరు చెప్పి తెచ్చిన నిర్ణయం, ఆడవాళ్ళు సామాన్లు కొనే చోట సీసాలేంటన్న ప్రశ్నకి సరైన జవాబు సిద్ధం చేసుకోకుండా తెచ్చారు.

దిగుమతి సుంకం తగ్గితే మన వైన్ నిలబడుతుందా?

విదేశీ వైన్ మీద సుంకం 150 శాతం. 2021 బడ్జెట్‌లో దాన్ని 50 శాతం కస్టమ్స్, 100 శాతం వ్యవసాయ సెస్ అని విడగొట్టారు, మొత్తం మారలేదు. ఈ గోడ చాటునే మన వైనరీలు ఎదిగాయి.

ఆస్ట్రేలియాతో ఒప్పందం ఈ గోడకి తలుపు పెట్టింది. 2022 డిసెంబరు 29 నుంచి, సీసా 5 డాలర్లు దాటిన వైన్ మీద సుంకం 100 శాతానికి తగ్గి, పదేళ్ళలో 50కి రావాలి. 15 డాలర్లు దాటినదాని మీద వెంటనే 75, పదేళ్ళకి 25. ఈ కనీస ధరల కిటుకు గమనించండి. మన వైనరీల అమ్మకాల్లో ఎక్కువ భాగం ఏ ధరలో ఉందో దాన్ని కాపాడి, పై అంతస్తు మాత్రం తెరిచారు. అంటే రోజువారీ సీసాకి ఇప్పటికి పెద్ద ప్రమాదం లేదు. రెండు వేల రూపాయల ఇండియన్ రిజర్వ్ (పైరకం) వైన్ అమ్మేవాడికి మాత్రం అదే అరలో ఆస్ట్రేలియా షిరాజ్ వచ్చి కూర్చుంటుంది.

ఇంకో సంగతి. కస్టమ్స్ తగ్గినా రాష్ట్ర పన్ను అలాగే ఉంటుంది. కాబట్టి సుంకం సగమైంది కదా అని సీసా ధర సగమవదు.

ఎగుమతులు?

ఉన్నాయి, తక్కువ. బయట దేశాల్లో ఎక్కువ అమ్ముడయ్యేది ఇండియన్ రెస్టారెంట్లలోనే. చిలీ, ఆస్ట్రేలియాలతో ధరలో పోటీపడే స్థాయి మనది కాదు.

హైదరాబాద్ ద్రాక్షకి ఒకప్పుడు అంత పేరు కదా, ఇక్కడ వైన్ ఎందుకు రాలేదు?

నిజమే. అనాబ్-ఎ-షాహీ ద్రాక్ష అంటే హైదరాబాదే. రాజేంద్రనగర్‌లో ద్రాక్ష పరిశోధన కేంద్రం ఉండేది. నగరం చుట్టూ శామీర్‌పేట, మేడ్చల్, రంగారెడ్డి వైపు పందిళ్ళే పందిళ్ళు. ఎకరానికి టన్నుల లెక్కలో రికార్డులు కొట్టిన రైతులు ఇక్కడివాళ్ళు. కానీ అదంతా తినే ద్రాక్ష. తర్వాత ఎకరం ధర లక్షల నుంచి కోట్లకి పోయింది. పందిరి రాళ్ళు పీకి ప్లాట్ల హద్దురాళ్ళు పాతారు. కూలీల కొరత, తెగుళ్ళు, బోర్లలో నీళ్ళు అడుగంటడం తోడయ్యాయి. మహారాష్ట్ర 2001లో చేసినట్టు ద్రాక్షని, వైన్‌ని కలిపి ఆలోచించే పని ఇక్కడ ఏ ప్రభుత్వమూ చేయలేదు. మన దగ్గర మద్యం అంటే ఆదాయం, లేదా ఎన్నికల వాగ్దానం. పంట అన్న కోణం దాంట్లోకి రాలేదు.

తెలుగువాళ్ళు ఎవరైనా ఈ రంగంలో ఉన్నారా?

ఉన్నారు. హైదరాబాద్ మందుల కంపెనీ గ్రాన్యూల్స్ ఇండియా స్థాపకులు చిగురుపాటి కృష్ణప్రసాద్, ఆయన భార్య ఉమ కలిసి కర్ణాటకలో హంపి కొండల దగ్గర కృస్మా ఎస్టేట్స్ నడుపుతున్నారు. ఇద్దరి పేర్లు కలిపి పెట్టిన పేరది. ఇద్దరూ మారథాన్ పరుగులు తీసేవాళ్ళు. చిన్న ఎస్టేటు, సొంత తోట ద్రాక్షే, తక్కువ సీసాలు, ఎక్కువ ధర. తోట తెలంగాణలో కాకుండా కర్ణాటకలో ఎందుకుందో పైన పాలసీ జవాబు చదివితే తెలుస్తుంది.

సొంతంగా చిన్న వైనరీ పెట్టాలంటే ఏం చూసుకోవాలి?

డబ్బు ఎంత అన్నది తర్వాత. డబ్బు ఎంతకాలం ఇరుక్కుంటుంది అన్నది ముందు. తీగ నాటాక మూడో ఏట పంట. ఏడాదికి సరిపడా సరుకు రెండు మూడు నెలల్లోనే తయారుచేయాలి, రైతుకి అప్పుడే ఇవ్వాలి. తెల్ల వైన్ కొన్ని నెలలకి, ఎర్ర వైన్ ఏడాదికో రెండేళ్ళకో సీసాలోకి వెళుతుంది. ఆ తర్వాత డిపో, ఆ తర్వాత కార్పొరేషన్ చెల్లింపు. ఈలోగా ట్యాంకులు చల్లగా ఉంచే కరెంటు బిల్లు, బ్యాంకు వడ్డీ ఆగవు. చాలా చిన్న వైనరీలు దెబ్బతిన్నది వైన్ బాగాలేక కాదు, రోజువారీ నడపడానికి కావలసిన డబ్బు (వర్కింగ్ క్యాపిటల్) అయిపోయి.

నాకు రెండెకరాలుంది. వైన్ ద్రాక్ష వేయమంటారా?

కొనేవాడితో రాతపూర్వక కాంట్రాక్ట్ లేకపోతే వేయకండి. తినే ద్రాక్ష అయితే మార్కెట్ యార్డుకో, రోడ్డు పక్క బండికో పోతుంది. షిరాజ్ గుత్తిని ఎవరూ తినరు. గింజలు, తోలు, పులుపు తప్ప నోటికి ఏమీ తగలదు. వైనరీ వద్దంటే మీ పంటకి రెండో గిరాకీ లేదు.

నాసిక్‌లో పెద్ద కంపెనీలు పదేళ్ళ పైచిలుకు కాంట్రాక్టులు ఇస్తాయి, కనీస ధర రాసిస్తాయి, మొక్కలు, సలహా కూడా ఇస్తాయి. ఎకరానికి నాలుగు టన్నులు, కిలో 50 అనుకుంటే 2 లక్షల రాబడి. తినే ద్రాక్షలో మంచి ఏడాది అంతకు చాలా ఎక్కువే రావచ్చు, చెడ్డ ఏడాది కూలి ఖర్చు కూడా రాకపోవచ్చు. వైన్ ద్రాక్షకి మందులు, కూలీలు తక్కువ, ధర నిలకడ ఎక్కువ. అందుకే అక్కడి రైతులు చాలామంది భూమి మొత్తం వేయకుండా కొంత భాగమే దీనికి ఇస్తారు.

మన వైపు నుంచి నాసిక్ వైనరీకి పచ్చి ద్రాక్ష లారీలో పంపుదామంటే కుదరదు. కోసిన గంటల్లో ప్రెస్సులో పడాలి. పైగా మహారాష్ట్ర రాయితీలు అక్కడ పండిన ద్రాక్షకే. కాంట్రాక్ట్ కాగితం చేతికొస్తే మాత్రం మూడు విషయాలు చదవండి: పంచదార శాతం తగ్గితే ధర ఎంత కోస్తారు, కోత తేదీ ఎవరు నిర్ణయిస్తారు, వైనరీ చేతులెత్తేస్తే మీ బాకీకి హామీ ఏమిటి. ఇండేజ్‌కి ద్రాక్ష తోలి డబ్బులు ఆగిపోయిన రైతులు నారాయణగావ్ చుట్టుపక్కల ఇప్పటికీ ఉన్నారు. వాళ్ళనడిగితే మూడో ప్రశ్నే ముందు చదవమంటారు.